సంతకం లేని మూత

జూన్ 4

చిరంజీవి టెస్టరుకి,

మీ బావ ఆశీస్సులు. ఇక్కడ అందరం క్షేమం అని రాయడం మర్యాద కాబట్టి రాస్తున్నాను. నిజానికి అందరం కాదు. ఆ సంగతికి తర్వాత వస్తాను.

నిన్న సాయంత్రం మన ఇంట్లోకి వాషింగ్ మిషను దిగింది. నలుగురు మోసుకొచ్చి, హాల్లో నట్టనడుమ దించి, నా చేత కాగితం మీద సంతకం పెట్టించుకుని వెళ్ళిపోయారు. ఎక్కడ పెట్టాలో, ఎలా తగిలించాలో అడిగితే, "అది మా పని కాదండీ, కుళాయి మీదే, కరెంటు మీదే" అన్నారు. అట్టపెట్టె ఇంకా విప్పలేదు. పిల్లలిద్దరూ అప్పుడే దాని మీద పుస్తకాలు పేర్చేశారు. మీ అక్క దాని చుట్టూ ఒకసారి తిరిగి, "దీన్నెవరు తెమ్మన్నారు?" అంది.

ఎవరూ తెమ్మనలేదు. ఐదేళ్ళుగా నేను కొంటాననడం, ఆవిడ వద్దనడం నీకు తెలిసిందేగా. "చేత్తో ఉతికిన తెలుపు మిషనుకి రాదు" అనేది. నేనూ నమ్మాను. పెళ్ళాం పని చేసుకుంటానంటే కాదనే మొగుణ్ణి నువ్వెక్కడైనా చూశావా?

ఇప్పుడు క్షేమం కాని సంగతి. మూడు నెలలుగా మీ అక్కకి పొద్దున లేచేసరికి కుడిచేతి మూడు వేళ్ళు మొద్దుబారిపోతున్నాయి. మణికట్టు దగ్గర నరం నొక్కుకుపోయిందట. బట్టలు పిండటం ఆపకపోతే మణికట్టు కోసి ఆపరేషను చేయాల్సి వస్తుందని డాక్టరు చెప్పాడు. ఆవిడ చూసుకునే చంటిపిల్లలు ఇప్పుడు ఐదుగురు. తల్లులు ఆఫీసులకి పోతూ పొద్దున ఎనిమిదింటికి దించి వెళతారు. ఒక్కొక్క పిల్లకి రోజుకి ఎన్ని గుడ్డలో నువ్వే లెక్కేసుకో. పోయినవారం పాలసీసా ఆవిడ చేతిలోంచి జారి పగిలింది. నేను గాజుపెంకులు ఏరుతుంటే, "సీసా బదులు పిల్లయితే?" అంది. అప్పట్నుంచి ఆ మాట నన్ను వదలడం లేదు.

కాబట్టి ఒక్క రెండ్రోజులు వచ్చిపో. పన్నెండేళ్ళ కిందట ఈ ఇల్లు కట్టినప్పుడు వైరింగంతా నువ్వే కదా చేసింది, జేబులో టెస్టరు పెట్టుకుని తిరుగుతూ. వెనక వసారాలో ఏ తీగ ఎటు పోతుందో నీకే తెలుసు.

నీ కోసం అట్టపెట్టెతో సహా ఎదురుచూస్తూ,
మీ బావ


జూన్ 11

బావగారికి నమస్కారాలు.

మీ ఉత్తరం శుక్రవారం సరుకుల బండిలో వచ్చింది. ఇక్కడికి ఏదైనా ఆ బండిలోనే రావాలి, మంగళవారం ఒకసారి, శుక్రవారం ఒకసారి. అక్క చెయ్యి సంగతి చదివాక పని మీద మనసు నిలవలేదు. ఇంత జరుగుతుంటే ఒక్క ముక్క నాకెందుకు రాయలేదు?

రావాలనే ఉంది. కుదరదు. మేం తవ్వుతున్న సొరంగంలో ఊటనీరు ఆగడం లేదు. పంపులు పగలూ రాత్రీ తిరుగుతూనే ఉండాలి. ఇద్దరం ఎలక్ట్రీషియన్లం ఉండేవాళ్ళం, రెండోవాడు కాలు విరిగి ఇంటికి పోయాడు. ఆగస్టు నెలాఖరు దాకా నన్ను కదలనివ్వరు.

ఈలోగా నీళ్ళ పని మీరు చేయించండి. మిషనుకి విడిగా ఒక కుళాయి పెట్టించండి, నడుమెత్తులో. కుళాయి మర చుట్ల మీద తెల్ల టేపు బిగించే వైపే తిప్పి చుట్టాలి. ఎదురు చుడితే బిగించేటప్పుడు ఊడొస్తుంది. గొట్టం కొసన రబ్బరు వాషరు ఉందో లేదో చూసుకోండి. మురికినీళ్ళు పోయే గొట్టం మూతి మిషను భుజమంత ఎత్తులో ఉండాలి. కింద పడేస్తే నీళ్ళు ఒకవైపు నిండుతూ ఇంకోవైపు పోతూనే ఉంటాయి. మిషను మీద నిండుగ్లాసు పెట్టి చూడండి. నీళ్ళు ఒకవైపుకి ఒరిగితే ఆ వైపు కాలు తిప్పి ఎత్తాలి.

కరెంటు పని మాత్రం నాకు వదిలేయండి. వసారా మూలన ఉన్న ప్లగ్గు జోలికి ఎవరూ పోవద్దు. పెద్ద కారణమేమీ లేదు, పాతబడింది కదా అని.

అక్కని బట్టలు పిండొద్దని నా మాటగా చెప్పండి.

మీ బావమరిది


జూన్ 19

ఓయ్ టెస్టరూ,

నీ ఉత్తరం గోడకి అంటించుకుని నీళ్ళ పని నేనే చేశాను. నవ్వకు. ప్రెస్సులో ఇరవై ఏళ్ళుగా ప్రూఫులు దిద్దుతున్నవాణ్ణి, నాలుగు వాక్యాలు చదివి ఒక కుళాయి బిగించలేనా అనుకున్నాను.

బిగించలేకపోయాను. నువ్వు వద్దన్న వైపే టేపు చుట్టాను. కుళాయికి ఎదురుగా నిలబడి చుట్టానా, పక్కన నిలబడి చుట్టానా అనేదాన్ని బట్టి కుడి ఎడమవుతుందని నాకెవరు చెప్పారు? వాల్వు తిప్పగానే నీళ్ళు మొహాన కొట్టాయి. కళ్ళజోడు ఎగిరి తూములో పడింది. మీ అక్క గడప మీద కూర్చుని కడుపు పట్టుకుని నవ్వింది. ఈ మూడు నెలల్లో ఆవిడ అలా నవ్వడం అదే మొదలు కాబట్టి తడిసినందుకు నాకేం బాధ లేదు. తర్వాత ప్లంబరు వచ్చి పావుగంటలో పూర్తి చేసి, "సార్, ఇంకేమైనా పని ఉంటే మీరు మొదలుపెట్టకముందే పిలవండి" అని చెప్పి వెళ్ళాడు.

ఇప్పుడు మిషను వసారాలో నిలబడింది. గ్లాసు పరీక్ష నెగ్గింది. కుళాయి ఉంది, తూము ఉంది, కరెంటు లేదు. అన్నీ ఉన్నా అల్లుడి నోట్లో శని అన్నట్టుంది.

ఆ మూల ప్లగ్గు మీద మీ అక్క క్లిప్పుల సంచి వేలాడుతూ ఉంటుంది చూశావూ, దాన్ని తీసి పక్కన పెట్టబోతే నామీద కస్సుమంది. "అది అక్కడే ఉండనీ" అని మళ్ళీ తగిలించింది. అక్కాతమ్ముళ్ళిద్దరికీ ఆ మూల అంటే ఎందుకంత మమకారమో నాకర్థం కాలేదు.

ఆగస్టు నెలాఖరు అంటే ఇంకా పది వారాలు. మీ అక్క నేను ప్రెస్సుకి వెళ్ళాక దొంగతనంగా పిండుతోంది. దండెం మీద ఆరిన గుడ్డలే సాక్ష్యం. నిన్న అందరిలోకీ చిన్నపిల్లని, నాలుగు నెలల దాన్ని, తల్లికి తిరిగిచ్చేసింది. "నా చేతి మీద నాకు నమ్మకం లేదమ్మా, వేరే ఎవర్నైనా చూసుకో" అని చెప్పింది. ఆ తల్లి వెళ్ళాక వంటింట్లో నిలబడి ఏడ్చింది.

హాల్లోంచి పొడుగు వైరు లాగి మిషను నడిపిద్దామని ఉంది. ఏమంటావు?

తడిసి ఆరిన
మీ బావ


జూన్ 28

బావగారికి,

పొడుగు వైరు వద్దు. గడప మీదుగా లాగిన వైరు తడినేల మీద పడి ఉంటుంది. పిల్లలు తొక్కుతారు. ఇక్కడ అలాంటి వైరు మీద కాలేసి పడిపోయిన మనిషిని నేనే మోసుకొచ్చాను. బతికాడు. నా మాట వినండి.

నేను వచ్చేదాకా బట్టలు లాండ్రీకి వేయండి. పది వారాలు పెద్ద లెక్క కాదు.

వేరేవాళ్ళని పిలిచే ఆలోచన మీకు ఉన్నట్టుంది. రాయకపోయినా ఉత్తరంలో తెలుస్తూనే ఉంది. నా చేత్తో చేసిన ఇంట్లో ఇంకొకడు వేలు పెట్టడం నాకిష్టం లేదు. నేను చేసిన పని మీద మీకు నమ్మకం లేకపోతే ఆ మాటే రాయండి.

మీ బావమరిది


జూలై 7

బావమరిదికి,

నీ ఉత్తరం రెండుసార్లు చదివాను. మొదటిసారి కోపం వచ్చింది, రెండోసారి ఇంకా ఎక్కువ వచ్చింది.

చంటిపిల్లల గుడ్డలు లాండ్రీలో ఊరందరి బట్టలతో కలిపి ఉడికించడానికి ఏ తల్లీ ఒప్పుకోదు. ఆ మాట మీ అక్క చెప్పింది. ఇక నా మాట విను. నీ పనితనం మీద నాకు నమ్మకం లేదని ఎప్పుడన్నాను? గుమ్మడికాయల దొంగ ఎవరంటే భుజాలు తడుముకున్నట్టు నువ్వెందుకు ఉలిక్కిపడుతున్నావు? నీ గొప్ప నీకుండొచ్చు. నాకు మీ అక్క చెయ్యి ముఖ్యం. నువ్వు అక్క కోసం రాలేవు, సరే, నీకు ఉద్యోగం ఉంది. ఇంకొకణ్ణి రానివ్వనంటే మాత్రం అది న్యాయం కాదు.

వీధి చివర షాపు ఎలక్ట్రీషియన్ని మాట్లాడాను. వచ్చే ఆదివారం, 14న పొద్దున వస్తాడు. నిన్న సాయంత్రం ఒకసారి చూసిపోయాడు. అప్పుడు మీ అక్క చంటిపిల్లల్ని వాళ్ళ ఇళ్ళ దగ్గర దించడానికి పోయి ఇంట్లో లేదు. మూల ప్లగ్గుకి పైన, గోడలో తీగలు కలిసే పెట్టె మూత విప్పి చూసి, "ఎర్రదుంది, నల్లదుంది, ఎర్తుకి పచ్చదీ లాగే ఉంచారు. ఎవరో తెలిసినవాడే చేశాడండీ. గంట పని" అన్నాడు. నిన్ను మెచ్చుకున్నాడు, సంతోషించు.

ఆయన వెళ్ళాక ఊరుకోలేక, మెయిన్ ఆపి, ఇంట్లో గోడల మీదున్న పెట్టెల మూతలన్నీ నేనే ఒక్కొక్కటి విప్పి చూశాను. మొత్తం ఎనిమిది. మూత లోపలి వైపు నీ సంతకం, తేదీ, 'సరి చూశాను' అని రెండు మాటలు. పన్నెండేళ్ళుగా మా గోడల్లో నీ సంతకాలు ఉన్నాయని నాకు తెలియనే తెలియదు. కోపం సగం దిగిపోయింది. నేను కూడా రోజూ ప్రూఫు కాగితం అడుగున అవే రెండు మాటలు రాసి సంతకం పెడతాను కదా.

అయితే ఏడింటికే ఉంది. వసారా మూల పెట్టె మూత మాత్రం ఖాళీ. ఎట్టకేలకు నీ పనిలో ఒక అచ్చుతప్పు పట్టాను! సంతకం మరిచిపోయినట్టున్నావు. వచ్చినప్పుడు పెడుదువుగాని, మూత నేను మళ్ళీ బిగించేశాను.

కోపం సగం మిగిలిన
మీ బావ


జూలై 12, శుక్రవారం మధ్యాహ్నం

బావా,

ఆదివారం పని ఆపేయండి. ఉత్తరం పూర్తిగా చదవకముందే ఆపేయండి. ఎలక్ట్రీషియన్ని ఆ పెట్టె ముట్టుకోనివ్వద్దు.

ఆ పచ్చ తీగ ఎర్తు కాదు. అందులో కరెంటు ఉంది.

ఆ మూత మీద సంతకం మరిచిపోలేదు. పెట్టలేకపోయాను. ఇల్లు పూర్తయ్యే రోజు సాయంత్రానికి ఎర్ర తీగ అయిపోయింది. షాపు మూసేశారు. మర్నాడు పొద్దున మీరు సామాన్లతో దిగుతున్నారు. అక్క అప్పటికే నాలుగుసార్లు వచ్చి, "లైట్లు వెలుగుతాయా?" అని అడిగి వెళ్ళింది. నా సంచిలో పచ్చ తీగ చుట్ట మిగిలి ఉంది. ప్లగ్గుకి ఫేజు, అంటే కరెంటు వచ్చే తీగ, దానితోనే లాగాను. షాకు కొట్టకుండా కరెంటుని నేలలోకి దించే ఎర్తు తీగ అసలు లాగనే లేదు. పెట్టెలో కనిపించే ఎర్ర తీగ వసారా బల్బుది. రేపు మార్చేద్దాం అనుకున్నాను. మర్నాడు అక్క స్విచ్చులన్నీ వేసి చూసుకుంటుంటే ఆ మూల పని పూర్తి కాలేదని చెప్పడానికి నోరు రాలేదు. అది నా మొదటి ఇల్లు.

ఎవరొచ్చినా పచ్చ తీగ అంటే ఎర్తు అనే అనుకుంటాడు. అనుకుని దాన్ని మిషను ఒంటికి కలుపుతాడు. మిషను ఒళ్ళంతా ఇనుము. కింద తడి. అక్క తడిచేత్తో మూత తీస్తుంది.

మీ ఇంటికి వచ్చినప్పుడల్లా మొదట వసారాలోకే పోయేవాణ్ణి. ఆ ప్లగ్గు మీద క్లిప్పుల సంచి వేలాడుతూ కనిపించేది. హమ్మయ్య, ఎవరూ వాడటం లేదు అనుకుని భోంచేసి వచ్చేసేవాణ్ణి. పన్నెండేళ్ళు తేలుకుట్టిన దొంగలా ఉన్నాను. మీరు ఇంకొకణ్ణి పిలుస్తాననగానే నా గొప్ప కోసం కాదు, నా తప్పు బయటపడుతుందని కోపం వచ్చింది. మొదటి ఉత్తరంలోనే ఈ నాలుగు ముక్కలు రాసి ఉంటే సరిపోయేది. రాయలేదు.

నేనే బయలుదేరేవాణ్ణి. కింద సొరంగంలో యాభై మంది ఉన్నారు. నేను పోతే పంపులు చూసేవాడు లేడు. మీ ఇంట్లో ఫోను లేదు. సరుకుల బండి డ్రైవరు కాళ్ళు పట్టుకున్నంత పని చేశాను. ఈ ఉత్తరం పోస్టులో వేయకుండా ఆదివారం పొద్దుటికల్లా మీ చేతికే ఇస్తానన్నాడు.

అక్కకి ఏమీ కాకూడదు.


జూలై 15

చిరంజీవికి,

ముందు ఇది చదువు. మీ అక్క క్షేమం. అందరం క్షేమం. ఈసారి మర్యాదకి రాయడం లేదు.

మీ డ్రైవరు మంచివాడు గానీ బండి మంచిది కాదు. దారిలో రెండుసార్లు టైరు పోయి, ఆయన మా గడప తొక్కేసరికి ఆదివారం సాయంత్రం నాలుగు. ఎలక్ట్రీషియను పొద్దున పదింటికే వచ్చాడు. ఆ ఆరు గంటల సంగతి నీకు వరసగా చెప్పాలి.

ఆయన నిచ్చెన వేసి, పెట్టె మూత విప్పి, కటింగ్ ప్లేయరు తీశాడు. మీ అక్క, ఆదివారం కూడా పని ఉన్న తల్లి వదిలి వెళ్ళిన పిల్లని చంకనెత్తుకుని వచ్చి, పిల్లని నా చేతికిచ్చి, ఆయనకీ గోడకీ మధ్యన నిలబడింది.

"ముందు టెస్టరు పెట్టి చూడండి," అంది.

"ఏం చూడాలమ్మా?"

"అన్నీ. ఈ మూల కరుస్తుంది. ఏ తీగనీ నమ్మొద్దు."

ఆయన నవ్వాడు. "ఎర్రది చూస్తాను, నల్లది చూస్తాను. పచ్చదాంట్లో ఏముంటుందమ్మా?"

"ఏమీ లేకపోతే లేదనే చెప్పండి. చూసి చెప్పండి."

ఆవిడ కోసమే అన్నట్టు మెయిన్ వేయించి ఆయన టెస్టరు పచ్చ తీగకి ఆనించాడు. టెస్టరులోని చిన్న బల్బు వెలిగింది. ఆయన చెయ్యి వెనక్కి తీసుకుని, నిచ్చెన దిగి, కిందనే కూర్చుండిపోయాడు. కాసేపటికి మంచినీళ్ళు అడిగాడు. నా చేతిలో పిల్ల నా కళ్ళజోడు పీకుతోంది, నాకది తెలియనే లేదు.

తర్వాత మీ అక్క చెప్పింది. ఇంట్లో దిగిన నెలకే వసారాలో ఇస్త్రీ పెట్టె పెట్టుకుంటే చెయ్యి జివ్వుమందట. పెట్టె పాడైందేమో అనుకుని హాల్లో పెట్టి చూసింది, ఏమీ కాలేదు. మళ్ళీ వసారాలో పెట్టింది, మళ్ళీ జివ్వుమంది. అప్పుడు తప్పు పెట్టెది కాదు, మూలది అని తెలుసుకుంది. మర్నాడే ఒక గుడ్డసంచి కుట్టి, అందులో క్లిప్పులు పోసి, ఆ ప్లగ్గు మీద మేకు కొట్టి తగిలించింది. పిల్లలు వేలు పెట్టకుండా, నేను ఏదీ తగిలించకుండా.

"నాకెందుకు చెప్పలేదు?" అన్నాను.

"మీకు చెబితే ఇంకొకణ్ణి పిలుస్తారు. వాడొచ్చి, ఈ పని చేసిన వెధవ ఎవడు అంటాడు. ఇది మా తమ్ముడి మొదటి ఇల్లు," అంది.

అర్థమైందా నీకు? ఐదేళ్ళుగా మిషను వద్దన్నది తెలుపు కోసం కాదు. మిషను వస్తే ఆ మూలకి రావాలి, కుళాయి, తూము ఉన్నది అక్కడే. మిషను వస్తే ప్లగ్గు విప్పాలి. విప్పితే నీ తప్పు నలుగురికీ తెలుస్తుంది. దుప్పట్లు పిండుకుంటూ కూర్చుంది గానీ నోరు మెదపలేదు. నీకు సంచి కనిపించి ఊపిరి పీల్చుకున్నావు. ఆ సంచి నీ కోసమే కుట్టిందని నీకు తట్టలేదు.

నిన్ను తిట్టాలని కూర్చుని నన్నే తిట్టుకుంటున్నాను. రోజంతా ఒత్తులూ దీర్ఘాలూ ఏరేవాణ్ణి, ఎదురుగా కూర్చున్న మనిషి కాఫీ గ్లాసు రెండు చేతులతో ఎందుకు పట్టుకుంటోందో ఒక్కనాడు అడగలేదు. తిలాపాపం తలా పిడికెడు.

ఎలక్ట్రీషియను గంట పనిని సాయంత్రం దాకా చేశాడు. మెయిన్ బోర్డు నుంచి గోడ మీదుగా కొత్త పైపు వేసి, ఎర్రది, నల్లది, పచ్చది విడివిడిగా లాగాడు. మీటరు దగ్గరి ఎర్తుకి కలిపాడు. తేడా వస్తే తనంతట తానే కరెంటు ఆపేసే స్విచ్చు ఒకటి పెట్టాడు. ప్రతి తీగకీ మూడేసిసార్లు టెస్టరు పెట్టాడు పాపం. పాత పచ్చ తీగని రెండు వైపులా విడదీసి లాగేశాడు. ఆయన సామాను సర్దుకుంటుండగా మీ డ్రైవరు వచ్చాడు.

నీ ఉత్తరం మీ అక్కకి చదివి వినిపించాను. 'అక్కకి ఏమీ కాకూడదు' అన్నదాన్ని రెండుసార్లు చదివాను. ఆవిడ ఉత్తరం తీసుకుని మడిచి, వెళ్ళి మిషనులో మొదటి వాయి వేసింది. తిరుగుతున్నంతసేపూ దాని ముందు పీట వేసుకుని కూర్చుంది. ఏమీ మాట్లాడలేదు.

మీ బావ


జూలై 23

బావగారికి,

ఆదివారం నుంచి ఐదు రోజులూ ఏ కబురు వస్తుందో అని బండి రోడ్డు వైపే చూస్తూ పని చేశాను. టైర్లు పోయిన ఆ బండి మంగళవారం రానే లేదు. శుక్రవారం మీ ఉత్తరం వచ్చింది. మొదటి లైనులో క్షేమం అని చదివి, మిగతాది చాలాసేపు చదవలేకపోయాను.

అక్కకి తెలుసని తెలిశాక సిగ్గుతో చచ్చిపోతున్నాను. తెలియదనుకున్నన్నాళ్ళూ అది నా తప్పొక్కటే. ఇప్పుడు అందులో అక్క చెయ్యి ఉంది. పన్నెండేళ్ళలో ఎన్ని దుప్పట్లు పిండి ఉంటుందో అని ఇక్కడ పంపు దగ్గర కూర్చుని లెక్కేస్తున్నాను. ఒక గజం ఎర్ర తీగ లేక.

నిన్న ఇక్కడి పెట్టెల మూతలన్నీ మళ్ళీ విప్పి చూశాను. అన్నీ సరిగ్గానే ఉన్నాయి. అయినా చూశాను.

అక్క నామీద కోపంగా ఉందా? ఏమీ మాట్లాడలేదని రాశారు. తిట్టమనండి. నాలుగు తిట్లు తిడితే నాకు కాస్త నిద్ర పడుతుంది. ఆగస్టు 30న బయలుదేరతాను. రావచ్చో కూడదో అక్కనే రాయమనండి.

మీ బావమరిది


ఆగస్టు 2

ఒరేయ్ తమ్ముడూ,

ఉత్తరం నేనే రాస్తున్నాను. మీ బావ రాసిపెడతానన్నారు గానీ, ఆయన రాస్తే నా మాటలకి కూడా ఒత్తులు దిద్దుతారు. అక్షరాలు వంకరగా ఉంటే చెయ్యి అనుకో, కోపం అనుకోకు.

కోపం లేదని కాదు. నువ్వూ మీ బావా కలిసి నన్నేదో దేవతని చేస్తున్నారు. అదేం లేదు. చలిరోజుల్లో దుప్పట్లు పిండుతూ నిన్ను తిట్టని తిట్టు లేదు. నాలుగు తిట్లు కావాలన్నావు, ఎప్పుడో నాలుగు వందలు అయిపోయాయి, పడుకో.

మొదట్లో, నువ్వొచ్చినప్పుడు చెబుదామనే అనుకున్నాను. నువ్వు వచ్చేవాడివి. వచ్చీరాగానే వసారాలోకి పోయేవాడివి. తిరిగొచ్చి నవ్వుతూ కూర్చునేవాడివి. తిన్నాక చెబుదాంలే అనుకునేదాన్ని, తినగానే వెళ్ళిపోయేవాడివి. అలా రెండేళ్ళయ్యాక, ఇప్పుడు చెబితే ఇన్నాళ్ళూ ఎందుకు దాచావంటావని అదొక బెంగ. నువ్వు దాచావు, నేను దాచాను. పిల్లలున్న ఇంట్లో అలాంటి మూల పెట్టుకుని ఒక సంచి అడ్డం పెట్టి నిద్రపోయాను చూడు, ఆ తప్పు మాత్రం నాదే. నీ పరువు కోసం అంత పని చేయాల్సింది కాదు. నిన్ను కూర్చోబెట్టి, నాలుగు తిట్టి, మర్నాడు ఎర్ర తీగ కొనుక్కు రమ్మనాల్సింది.

ఇప్పుడు వేళ్ళు కాస్త నయం. పొద్దున రెండే మొద్దుబారుతున్నాయి. రాత్రిళ్ళు చేతికి పట్టీ కట్టుకుంటున్నాను. చిన్నపిల్ల మళ్ళీ వచ్చింది. ఎత్తుకునేటప్పుడు ఇంకా భయమేస్తుంది, కూర్చునే ఎత్తుకుంటున్నాను. మిషను తెలుపు నా తెలుపంత లేదు, ఆ మాట మాత్రం నిజమే. మీ బావకి చెప్పకు.

క్లిప్పుల సంచి తీసి దండేనికి తగిలించాను. ఎలక్ట్రీషియను ఆ పెట్టెకి కొత్త మూత తెచ్చాడు. వద్దని పాతదే బిగించమన్నాను. లోపల ఇంకా ఖాళీగానే ఉంది. ఆయన్ని సంతకం పెట్టనివ్వలేదు.

30న రా. కాళ్ళు కడుక్కుని, ముందు అన్నం తిను. తర్వాత వసారాలోకి పోదాం, ఈసారి నేనూ వస్తాను. మూత విప్పు. పని ఇంకొకడిది కదా అనకు, నువ్వు రాసేది చేశాను అని కాదు, చూశాను అని. సరిగ్గా ఉంటేనే పెట్టు. బావ చెప్పారని, అక్క చెప్పిందని నమ్మొద్దు. మా ఇద్దరి మాటా పక్కన పెట్టి టెస్టరు పెట్టి చూడు.

నీ అక్క